పేరున కర్థము నిర్ణయించుట యెట్లు?

శిశువునకు పేరిడుటకు ముందు దాని యర్థమును విచారించుట మంచిది. అయితే ఆ పదము ఏ భాషకు చెందినదో మొదట తెలియవలెను. 'చిన్న' యనగా తెలుగున పిన్న, కన్నడమున బంగారము. 'పాప' తెలుగున బిడ్డ, సంస్కృతమున కీడు. పాపయ్య, పాపమ్మ యను పేళ్లను సంస్కృత నిఘంటువుతో కొలిచి, తాతముత్తాతల పేళ్లను విడుచుట తగదు.

కథనుగూడ కాలముతో సరిచూడవలెను. వీరబల్లాలునకు ఒక అవ్వ ఉడికిన గింజలు పెట్టినందున మన నగరమునకు 'బెందకాళూరు' అను పేరు వచ్చినదందురు. హొయసల రెండవ వీరబల్లాలుడు 1173లో రాజయ్యెను. బేగూరు వీరగల్లు సుమారు 890 నాటిది. అందు బెంగళూరు యుద్ధ ప్రస్తావన కలదు. కథ యింపైనదే కాని హేతువు కాజాలదు.

విద్యార్థులారా! భాష, నిఘంటువు, కాలము అను మూడింటితో మీ పేరును పరీక్షింపుడు. ఏ యర్థమున పెట్టిరో ఇంటి పెద్దల నడుగుడు. మేము కోరున దిదియే.