పైలో ఆరు తొమ్మిదులు

ప్రశ్న: పై (π) విలువలో ఒకచోట వరసగా ఆరు తొమ్మిదులు వస్తాయట. ఇందులో ఏదైనా రహస్యం ఉందా?

జవాబు: రహస్యం లేదుగానీ ముచ్చట ఉంది. దశాంశ బిందువు తర్వాత 762వ స్థానంలో 999999 మొదలవుతుంది. దానికి భౌతిక శాస్త్రవేత్త ఫైన్‌మన్ పేరు అంటుకుంది. అంకెలు ఇష్టమొచ్చినట్టు పడ్డాయనుకుంటే, అంత తొందరగా ఏదో ఒక అంకె ఆరుసార్లు వరసగా పడే అవకాశం సుమారు 150లో ఒకటి. అరుదే, అద్భుతమేమీ కాదు.

అసలు కథ 0123456789ది. ఈ వరస పైలో ఉందో లేదో తెలియని రోజుల్లో, డచ్ గణితవేత్త బ్రౌవర్ తన తాత్విక వాదానికి దాన్నే ఉదాహరణగా వాడుకున్నాడు. 1997లో జపాన్‌కు చెందిన శాస్త్రవేత్త కనడ బృందం కంప్యూటర్‌తో దాన్ని పట్టేసింది, 1,738 కోట్ల అంకెలు దాటాక!

అన్ని వరసలూ పైలో ఉంటాయన్నది ఇంకా ఎవరూ నిరూపించని నమ్మకం. ఎనిమిదంకెల పుట్టినతేదీ మాత్రం తొలి 20 కోట్ల అంకెల్లో దొరికే అవకాశం దాదాపు 86 శాతం.