అధ్యాపక నియామకములందు అర్హతాపదములు - న్యాయస్థానపరీక్ష

సూరతు నగరమున 1965లో స్థాపితమైన దక్షిణ గుజరాతు విశ్వవిద్యాలయము 2004 నుండి వీర నర్మదుని పేర వ్యవహరింపబడుచున్నది. నర్మదుడు (1833-1886) ఆ నగరమున జన్మించిన కవి, గుజరాతీ నిఘంటుకర్త. నిఘంటుకర్త పేరు దాల్చిన ఆ విద్యాపీఠమునందును, తక్కినవానియందును, నియామకవివాదములు తుదకు పదార్థనిర్ణయముకడకే వచ్చి నిలుచును.

నియుక్తుడు ఏ యధికారముతో ఆ పదవియందున్నాడో చూపుమని యడుగు కో వారంటో ఉత్తరువును రాజ్యాంగము 226వ అధికరణము క్రింద ఉన్నత న్యాయస్థానములు జారీ చేయవచ్చును. అందు విచార్యము నియుక్తుని పాండిత్యము కాదు. నియమము కోరిన యర్హత అతనికి గలదా లేదా యనునదియే. ఈ భేదము చెప్పుటకు సులభము, పాటించుటకు కష్టము.

1963లో సుప్రీంకోర్టు నిర్ణయించిన మైసూరు విశ్వవిద్యాలయము - గోవిందరావు వ్యాజ్యము దీనికి మూలస్తంభము. ఆంగ్లమున రీడరు పదవికి ప్రథమశ్రేణి గాని 'హెచ్చు ద్వితీయశ్రేణి' గాని గల భారతీయ ఎం.ఏ. పట్టమో, తత్సమానమైన విదేశీయ పట్టమో యుండవలెనని నియమము. హెచ్చనగా నెంత? నియమము చెప్పలేదు. నియుక్తునికి భారతీయ పట్టపరీక్షయందు వచ్చినవి నూటికి 50.2 మార్కులు, అవి హెచ్చు కావని ఉన్నత న్యాయస్థానము తలచి నియామకమును రద్దు చేసెను. అతనికి డర్హాము విశ్వవిద్యాలయపు ఎం.ఏ. పట్టమును గలదనియు, దానిని నిపుణమండలి చాలునని తలచుట తప్పు కాదనియు సుప్రీంకోర్టు భావించి ఆ తీర్పును త్రోసివేసినది. విద్యావిషయములందు నిపుణుల యభిప్రాయమును న్యాయస్థానములు తొందరపడి కాదనరాదనినది. నాటినుండి నేటివరకు విశ్వవిద్యాలయముల న్యాయవాదులకు ఈ వాక్యమే కవచము.

భాషాశాస్త్రజ్ఞులకు మరింత రుచికరమైనది 2008 నాటి రాజ్‌బీర్ సింగ్ దలాల్ వ్యాజ్యము. హర్యానాలోని సిర్సా విశ్వవిద్యాలయమున, రాజనీతిశాస్త్రమున ఎం.ఏ. పట్టము గలవాడు ప్రభుత్వ పాలనాశాస్త్రమున రీడరుగా నియుక్తుడయ్యెను. నియమవాక్యమున 'సంబంధిత విషయమున' అను మాటలు లేవు. సుప్రీంకోర్టు పూర్వమీమాంసావ్యాఖ్యానసూత్రములను ఆశ్రయించి, ఆ మాటలను చేర్చియే చదువవలెననెను. మన వ్యాఖ్యాతలు అధ్యాహారమందురే, అట్టిదే యిది. లేనిచో ఏ శాస్త్రమున పట్టము గలవాడైనను ఏ శాస్త్రమునైనను బోధింపవచ్చునను వింత సంభవించును. అయితే ఆ రెండు శాస్త్రములును పరస్పరసంబంధము గలవని నిపుణులు చెప్పియుండుటచే నియామకము నిలిచినది. పదమును చేర్చుట న్యాయస్థానము పని. చేర్చిన పదమునకు హద్దు గీయుట నిపుణుల పని.

గుజరాతున ప్రశ్న వేరు రూపము దాల్చెను. వల్లభ విద్యానగరమందలి సర్దారు పటేలు విశ్వవిద్యాలయపు ఉపాధ్యక్షుని నియామకముపై గంభీర్‌దాన్ గఢ్వీ వేసిన వ్యాజ్యమున 2022 మార్చి 3న సుప్రీంకోర్టు ఆ నియామకమును రద్దు చేసినది. ఆచార్యుడుగా పదేండ్ల యనుభవము కోరు విశ్వవిద్యాలయ ధనసహాయ సంఘపు 2018 నాటి నిబంధనయే ప్రమాణమనియు, దానితో విరోధించు రాష్ట్రచట్టము నిలువదనియు నిర్ణయించెను. 2015లో మధురై కామరాజ విశ్వవిద్యాలయ వ్యాజ్యమున, రాష్ట్రము స్వీకరింపనిదే సంఘపు 2010 నాటి నిబంధనలు రాష్ట్రవిశ్వవిద్యాలయములను బంధింపవని చెప్పబడియుండెను. గఢ్వీ తీర్పులోని హేతువు సూరతునకును వర్తించునట్టిదే. 2023లో గుజరాతు శాసనసభ సూరతు విశ్వవిద్యాలయమును, మరికొన్నిటిని ఒకే చట్టము క్రిందికి తెచ్చినది. ఇచట నిపుణాభిప్రాయమునకు తావు లేదు, పదేండ్లు పదేండ్లే.

భాషాశాఖలలో నిట్టి స్పష్టత యరుదు. తెలుగు మాండలికములపై భాషాశాస్త్రశాఖలో పరిశోధించినవాడు తెలుగు సాహిత్యపదవికి 'సంబంధిత విషయము' గలవాడా? తులనాత్మక సాహిత్యపట్టము సంస్కృతశాఖకు చాలునా? ఈ ప్రశ్నకు ఎంపికసంఘము తన నడవడిపత్రములో కారణసహితముగా సమాధానము వ్రాసియుండినచో మైసూరు తీర్పు దానిని రక్షించును. ప్రశ్ననే తలపక సంతకములు చేసియుండినచో, గౌరవింపదగిన నిపుణాభిప్రాయమే యచట లేదు.