అదనూ పదునూ

జ్యేష్ఠమాసం. శింగనమలలో మా అక్కావాళ్ల మిద్దె మీది గది. ఫ్యాను తిరుగుతోంది గానీ గాలి ఇంకా వేడిగానే ఉంది. మా మేనల్లుడు కంప్యూటర్ ముందు కూర్చుని ఆ రాత్రికి తొమ్మిదోసారి చచ్చాడు. తెర బూడిదరంగుకు తిరిగింది. మౌస్ వదిలేసి తల పట్టుకున్నాడు.

"ఈ రివెన్ నాకు రాదు మామా. ఇడిసిపెట్టి ఇంగొకటి పట్టుకుంటా."

"పట్టి ఎన్నాళ్లయింది రా?"

"పది దినాలు."

పది రోజుల్లో పట్టుబడకపోతే అది మన వల్ల కాదని తేల్చేసుకోవడం మనలో చాలామందికి ఉన్న అలవాటే. ఈత, కుట్టుమిషన్, హిందీ, హార్మోనియం... ఎన్ని మొదలుపెట్టి ఎన్ని అటకెక్కించామో ఎవరికి వాళ్లు లెక్క వేసుకోవచ్చు. అందుకే వాణ్ణి వదలొద్దన్నాను. ఆ వేసవంతా వీలైనప్పుడల్లా వాడి పక్కన కుర్చీ వేసుకుని కూర్చున్నాను. ఆటను చిన్నచూపు చూసే పెద్దలకూ, ఆటలో ఓడిపోయి కుమిలే పిల్లలకూ ఇద్దరికీ పనికొచ్చే సంగతి అక్కడ నాకు దొరికింది.

ఆట పేరు లీగ్ ఆఫ్ లెజెండ్స్. రయట్ గేమ్స్ వాళ్లు 2009లో విడుదల చేశారు. ఇటు ఐదుగురు, అటు ఐదుగురు. ఎదుటి జట్టు స్థావరంలో ఉన్న నెక్సస్‌ను ముందుగా పగలగొట్టిన జట్టు గెలుస్తుంది. ఆటగాడు ఒక ఛాంపియన్‌ను ఎంచుకోవాలి. 170కి పైగా ఉన్నారు. కొందరు దూరం నుంచి బాణాలో తూటాలో వేస్తారు. కొందరు ఎదుటివాడి మీదికి వెళ్లి కొట్టాలి. వీళ్లను మెలీ అంటారు. దూరం నుంచి కొట్టేవాడు పొరపాటు చేస్తే రెండడుగులు వెనక్కి వేసి బతికిపోతాడు. మీదికి వెళ్లినవాడికి ఆ రెండడుగుల జాగా ఉండదు.

మా అల్లుడు పట్టుకున్న రివెన్ ఈ మెలీ రకమే. 2011 సెప్టెంబరులో ఆటలోకి వచ్చింది. నోక్సస్ అనే దేశపు సైన్యంలో పోరాడి, ఆ యుద్ధం తీరు చూసి మనసు విరిగి, విరిగిన కత్తితో దేశాన్నే వదిలేసిన స్త్రీ అని కథ. ఆమె చేతిలో ఉన్నవి నాలుగే విద్యలు. 'క్యూ' నొక్కితే ముందుకు ఉరికి కత్తితో వేటు వేస్తుంది. వెంటవెంటనే మూడుసార్లు వాడుకోవచ్చు, మూడోది ఎదుటివాణ్ణి గాల్లోకి లేపుతుంది. 'డబ్ల్యూ' చుట్టూ ఉన్న శత్రువులను ముప్పావు సెకను కదలనివ్వదు. 'ఈ' మీట ఒక్క దూకు దూకించి, దాంతోపాటు కాసేపు నిలిచే డాలునిస్తుంది. 'ఆర్' నొక్కితే విరిగిన కత్తి అతుక్కుని నిండు కత్తి అవుతుంది. అలా ఉండేది 15 సెకన్లే. ఆ లోపు ఒక్కసారి గాలిని కత్తిలా విసరవచ్చు. ఎదుటివాడి ప్రాణం ఎంత తగ్గి ఉంటే ఆ దెబ్బ అంత గట్టిగా పడుతుంది.

ఇందులో కష్టమేముందని నేనూ అడిగాను. కష్టం మధ్యలో ఉంది. విద్య వాడిన ప్రతిసారీ రివెన్ కత్తికి కొంత అదనపు బలం చేరుతుంది, మూడింటి దాకా నిలవ ఉంటుంది. మామూలు దెబ్బ వేసినప్పుడే అది ఖర్చవుతుంది. కాబట్టి విద్యకూ విద్యకూ నడుమ ఒక దెబ్బ పడాలి. మీటలన్నీ గబగబా నొక్కేసేవాడు ఆ బలాన్ని నేలపాలు చేస్తాడు. ఇంకో చిక్కు: క్యూ వేశాక కత్తి తిరిగి సర్దుకునేదాకా చెయ్యి ఖాళీ కాదు. అప్పుడు మౌస్‌తో నేల మీద ఒక్క నొక్కు నొక్కి "కదులు" అని చెబితే ఆ సర్దుకునే కదలిక తెగిపోతుంది, వెంటనే ఇంకో దెబ్బ వేయవచ్చు. దెబ్బ, క్యూ, నేల మీద నొక్కు, దెబ్బ, క్యూ, నేల మీద నొక్కు. ఒక్కో నొక్కు తేడాగా పడితే లయ మొత్తం చెదురుతుంది.

లయ అనగానే నాకు చెక్కభజన గుర్తొచ్చింది.

మా చిన్నప్పుడు ఊళ్లో చెక్కభజన నేర్పే గురువు ఉండేవాడు. రాత్రి బువ్వలు తిన్నాక రాములవారి గుడి ముందు పెట్రోమాక్స్ వెలుగులో మమ్మల్ని వరసగా నిలబెట్టేవాడు. చెక్కలు చేతికిస్తాడని ఎగబడితే ఇచ్చేవాడు కాదు. మొదట కాలు. కుడికాలు ముందుకు, ఎడమకాలు దాని పక్కకు, మడమ తాటించి వెనక్కి. నాలుగు రాత్రులు అదొక్కటే అడుగు. విసుగొచ్చి ఇద్దరు మానేశారు. ఐదో రాత్రి ఖాళీ చేతులతో చప్పట్లు కలిపించాడు. అప్పటిదాకా కుదిరిన కాలు చప్పట్లు కలవగానే మళ్లీ తప్పింది. దాన్ని సరిచేసుకోవడానికి ఇంకో నాలుగు రాత్రులు. ఆ తర్వాతే చెక్కలిచ్చాడు. బిళ్లలు ఘల్లుమంటుంటే కాలు ఎక్కడ పడుతోందో చూసుకోవాల్సిన పనే లేకపోయింది. ఆయన చెప్పేది ఒకటే: నిదానంగా, తప్పు లేకుండా వెయ్యి, బిరీన వెయ్యడం దానంతట అదే వస్తాది.

నేను మా అల్లుడికి చెప్పిందీ అదే. ఆటలో ప్రాక్టీస్ టూల్ ఉంది, 2017లో చేర్చారు. ఎదుట ఒక దిష్టిబొమ్మలాంటిది కదలకుండా నిలబడి ఉంటుంది, ఎంతసేపు కొట్టినా ఏమనదు. రోజూ అసలు ఆటకు ముందు 20 నిమిషాలు దాని ముందుకు వెళ్లమన్నాను. మొదటి మూడు రోజులు ఒక్క దెబ్బ, ఒక్క క్యూ, ఒక్క నొక్కు. అంతే, ఆపెయ్యాలి. వేగం వద్దు. ఆ ముక్క పదిసార్లు వరసగా తప్పు లేకుండా వస్తేనే రెండో ముక్క. మధ్యలో తప్పితే మళ్లీ ఒకటి నుంచి లెక్క. వాడికి మొదటి రోజు పిచ్చెక్కింది. "వీడియోలో వాళ్లు రెప్పపాటులో చేస్తాండారు మామా, నేను ముసలోని మాదిరి చేస్తాండా" అన్నాడు. ఆ వీడియోలో కనిపించేది పండిన చేను. దున్నకం, కలుపుతీత ఎవరూ వీడియో తీసి పెట్టరు.

మీరు నేర్చుకునేది ఏదైనా సరే, కష్టమైన దాన్ని ముక్కలు చేయండి. చేతికి అందేంత చిన్న ముక్క దొరికేదాకా చేయండి. ఆ ముక్కను నిదానంగా, సరిగ్గా చేయండి. తొందరపడి తప్పుగా వందసార్లు చేస్తే చెయ్యి ఆ తప్పునే నేర్చుకుంటుంది. దాన్ని మరిపించడానికి మళ్లీ మొదటికంటే ఎక్కువ రోజులు పడతాయి. సైకిల్ మెకానిక్ దగ్గర చేరిన కుర్రాడికైనా, ఇంటర్వ్యూకు ఇంగ్లీషు సాధన చేసే అమ్మాయికైనా ఇదే దారి.

మూడు వారాలకు వాడి వేళ్లు కుదిరాయి. కత్తికి పదును వచ్చింది. అయినా ఆటలో చస్తూనే ఉన్నాడు.

ఇక్కడే చాలామంది వదిలేస్తారు. సాధన చేసినా ఫలితం రాకపోతే మనిషి లోపలే విరిగిపోతాడు. కానీ పదును ఒక్కటే చాలదు, అదను కూడా కావాలి. ఆ సంగతి వాడికి నేను చెప్పలేదు, వాళ్ల నాన్న చేనే చెప్పింది.

అనంతపురం జిల్లాలో ఏడాదికి పడే వాన సగటున 550 మిల్లీమీటర్ల దరిదాపు. నైరుతి మేఘాన్ని పడమటి కనుమలు అటువైపే పిండేసుకుంటాయి, మనదాకా వచ్చేది తడి ఆరిన గాలి. అందుకే నాలుగు చినుకులు పడగానే గొర్రు కట్టాలని ప్రతి రైతుకూ ఆత్రం. మా బావ మాత్రం కట్టడు. వాన వెలిశాక చేన్లోకి పోయి, బెత్తెడు లోతు తవ్వి, ఆ ఎర్రమట్టి తీసి గుప్పిట్లో నొక్కుతాడు. మట్టి ముద్ద కట్టాలి, వేలితో తడితే విడిపోవాలి. అప్పుడు పదునున్నట్టు. పైన తడి, కింద పొడి అయితే చేతులు దులుపుకుని ఇంటికొచ్చేస్తాడు, పక్క చేన్లో గొర్రు తిరుగుతున్నా సరే. పైతడికి వేసిన శెనగవిత్తు మొలకలోనే ఎండిపోతుంది. మూట విత్తనం ఖరీదెంతో ఆయనకు తెలుసు. అలాగని పదునున్న రోజు ఇంట్లో కూర్చోడు. తెల్లవారకముందే చేన్లో ఉంటాడు. రెండు రోజులు ఆలస్యం చేస్తే ఎండకు ఆ పదును ఎగిరిపోతుంది.

మా అల్లుడు చేస్తున్నది పైతడికి విత్తనం వేయడమే. ఎదుటివాడు కనిపిస్తే చాలు, 'ఈ' మీట నొక్కి మీదికి దూకేవాడు. లోపలికి పోవడానికీ, బయటికి రావడానికీ రివెన్‌కు ఎక్కువగా అక్కరకొచ్చేది ఆ దూకే. దాన్ని పోవడానికే ఖర్చుపెట్టినవాడికి రావడానికి ఏం మిగులుతుంది? క్యూ అడుగులతో దగ్గరికి నడిచి, దూకును దాచుకోవాలి. ఎదుటివాడి చేతిలోని ముఖ్యమైన విద్య అయిపోయిందో లేదో చూడాలి. అడవిదారిలో తిరిగే వాళ్ల జట్టువాడు చివరిసారి ఎక్కడ కనిపించాడో గుర్తుండాలి. ఇవేవీ వేళ్ల పనులు కావు.

దీనికి తోడు వాడు ఆడేది సింగపూర్ సర్వర్‌లో. శింగనమల నుంచి సంకేతం అక్కడికి పోయి తిరిగి రావడానికి పట్టే ఆ కాసింత సమయం సింగపూర్‌లో కూర్చున్న కుర్రాడికి ఎప్పుడూ కలిసొస్తుంది. దెబ్బ కనిపించాక తప్పుకోవడం వీడికి కుదరదు, అది వచ్చే ముందే పసిగట్టాలి. మొదట దీనికి ఏడ్చేవాడు. తర్వాత ఇదే వాడికి చదువు నేర్పింది. చూశాక కదిలేవాడి కంటే ముందే ఊహించేవాడు తక్కువ తప్పులు చేస్తాడు.

ఒక నోటుపుస్తకం పెట్టమన్నాను. చచ్చినప్పుడల్లా, తిరిగి బతికేలోపు ఒక గీత, పక్కన ఎందుకో ఒక్క మాట. "మావోళ్లు రాలేదు", "నెట్ పోయింది" లాంటివి రాయకూడదు. నీ చేతిలో ఉన్న ఏ పని చేసుంటే బతికేవాడివో అదే రాయాలి. వారం తర్వాత ఆ పుస్తకం ఇద్దరం చదివాం. సగానికి పైగా గీతల పక్కన ఒకే మాట: "దూకు లేకుండా పోయినా." తొమ్మిది తప్పులు చేస్తున్నానని అనుకున్నవాడు నిజానికి ఒకే తప్పును తొమ్మిదిసార్లు చేస్తున్నాడు. ఆ పుస్తకం మూసినప్పుడు వాడి మొహంలో కనిపించిన తేలిక నేను మరిచిపోలేను.

వేళ్ల కంటే అదను తెలియడమే ముఖ్యమనడానికి పెద్ద ఉదాహరణ ఒకటుంది. కొరియాకు చెందిన లీ సాంగ్-హ్యోక్ పేరు ఈ ఆట ఆడే ప్రతివాడికీ తెలుసు. ఫేకర్ అంటారు. 2013 ఆగస్టులో కొరియా లీగ్ ఫైనల్ ఐదో ఆటలో అతనూ, ఎదుటి జట్టు ఆటగాడు ర్యూ కూడా జెడ్ అనే మెలీ ఛాంపియన్‌నే తీసుకున్నారు. ప్రాణం అడుగంటిన ఫేకర్ మీదికి ర్యూ వచ్చాడు. కొన్ని సెకన్లలో కథ తిరగబడి ర్యూ కూలిపోయాడు. పిల్లలు ఇప్పటికీ ఆ వేళ్ల వేగాన్నే తలచుకుంటారు. అప్పుడతనికి 17 ఏళ్లు. నేను తలచుకునేది వేరే లెక్క: 2013, 2015, 2016, 2023, 2024, 2025. ఆరు ప్రపంచకప్పులు, చివరిది అందుకునేనాటికి 29 ఏళ్లు. నడుమ ఆరేళ్ల పాటు ఒక్క కప్పూ లేదు, చెయ్యి నొప్పితో కొంతకాలం పక్కన కూర్చున్నాడు కూడా. పన్నెండేళ్ల తర్వాత కూడా అతణ్ణి నిలబెట్టింది వేళ్లేనని నేననుకోను. ఎప్పుడు పోవాలో, ఎప్పుడు ఆగాలో తెలిసిన తలకాయ అది.

ఐదుగురి ఆట కాబట్టి ఇంకో మాట. మీదికి వెళ్లి కొట్టేవాడు ఒంటరిగా వెళితే వెనక నలుగురూ చూస్తూ నిలబడతారు. వాడు చచ్చాక వాళ్లను తిడతాడు. వాళ్లు ఆ తిట్లు చదువుతూ ఇంకో రెండు తప్పులు చేస్తారు. అల్లుడు చాట్‌లో తిట్టడం చూశాను. తిట్టే వేళ్లు ఆ క్షణంలో ఆడటం లేదు కదా. మనసు కుదురుగా లేకపోతే చాట్ మూసెయ్యమన్నాను. వరసగా రెండు ఆటలు ఓడితే లేచి మిద్దె దిగి, మంచినీళ్లు తాగి, ఆ రాత్రికి పడుకోమన్నాను. కోపంతో ఆడిన మూడో ఆటను గెలవడం నేను ఆ వేసవిలో ఒక్కసారీ చూడలేదు.

తల్లిదండ్రుల భయం నాకు తెలుసు, మా అక్కకూ అదే భయం. 2025 ఆగస్టులో కేంద్రం తెచ్చిన చట్టం డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలను నిషేధించి, ఈ-స్పోర్ట్స్‌ను వేరుగా గుర్తించింది. 2023లో హాంగ్‌ఝౌ ఆసియా క్రీడల్లో ఇదే ఆటలో భారత జట్టు క్వార్టర్ ఫైనల్ దాకా వెళ్లి వియత్నాం చేతిలో ఓడింది. కాబట్టి ఇది జూదం కాదు. అలాగని బతుకుదెరువు అవుతుందని నమ్మి చదువు మానడం మాత్రం పైతడికి విత్తనం వేయడమే. రోజుకు గంటన్నర, పరీక్షలప్పుడు అదీ లేదు. ఈ ఒప్పందం మా అక్క ముందే కుదిరింది, వాడు నిలబెట్టుకుంటున్నాడు.

ఆషాఢంలో మళ్లీ వెళ్లాను. ముందురోజు వాన పడింది, మిద్దె మీద నేల ఇంకా చల్లగా ఉంది. వాడికి ఎదురుగా రెనెక్టన్, మొసలి మొహం వాడు. దగ్గరికొస్తే కదలనివ్వకుండా కొట్టే రకం. చాలాసేపు మా అల్లుడు మీదికే వెళ్లలేదు. వెనక నిలబడి, దారిలో వచ్చే ఎదుటి జట్టు సైనికులను కొడుతూ బంగారం పోగేసుకున్నాడు. నాకే ఓపిక నశించింది. మొసలివాడు తన దూకును సైనికుల మీద ఖర్చుపెట్టాడు. ఆ క్షణమే వీడు కదిలాడు. క్యూ, దెబ్బ, క్యూ, దెబ్బ, డబ్ల్యూ, దెబ్బ, మూడో క్యూతో వాణ్ణి గాల్లోకి లేపాడు. అడవిదారి నుంచి రెండోవాడు వచ్చేసరికి దాచుకున్న దూకుతో తన జట్టు టవర్ కిందికి వచ్చేశాడు. ఊపిరి పీల్చుకున్నది నేను.

ఆ ఆట వాళ్లు ఓడిపోయారు. వాడు చచ్చింది రెండుసార్లు. నోటుపుస్తకం తీసి రెండు గీతలు గీశాడు. మొదటి దాని పక్కన పాత మాటే: దూకు లేకుండా పోయినా. రెండోదాని దగ్గర కాసేపు పెన్ను పట్టుకుని ఆలోచించి, అంతవరకూ ఆ పుస్తకంలో లేని మాట ఒకటి రాశాడు: "అదను వచ్చినా పోలేదు."