జెడ్ 70: రోగం కాని సందేహానికి కోడ్

బ్యాంకు కోచింగ్‌కు పేరున్న నంద్యాలలో ఇప్పుడు మెడికల్ కోడింగ్ నేర్చుకునే డిగ్రీ పిల్లలు తప్పక పట్టు సాధించాల్సిన అంశం అంతర్జాతీయ రోగాల వర్గీకరణ ఐసీడీ-10లోని జెడ్ 70. లైంగిక వైఖరి, ప్రవర్తన, ఆకర్షణపై ఇచ్చే కౌన్సెలింగ్‌కు ఇదే కోడ్. ఇది 21వ అధ్యాయంలో ఉంది. ఆ అధ్యాయం జబ్బులది కాదు, ఆరోగ్య సేవల కోసం రావడానికి గల కారణాలది. మానసిక రుగ్మతలకు ఎఫ్ కోడ్లు వేరు.

ఆళ్లగడ్డ నుంచి ఒక యువకుడు వచ్చి, తన ఆకర్షణ అబ్బాయిల వైపే ఉందని డాక్టరుకు చెప్పుకున్నాడనుకోండి: జెడ్ 70.1. అతను రాకుండా తల్లి ఒక్కతే వచ్చి కొడుకు గురించి అడిగితే జెడ్ 70.2. లైంగిక వైఖరి గురించిన సలహాకు జెడ్ 70.0. గర్భనిరోధక సలహా ఇందులోకి రాదు, దానికి జెడ్ 30. ఇక్కడ పొరపాటున ఎఫ్ కోడ్ వేస్తే ఆరోగ్యంగా ఉన్న మనిషి రికార్డులో రోగి అయిపోతాడు. ఇది చిన్న తప్పు కాదు.

స్వలింగ ఆకర్షణను రోగాల జాబితా నుంచి తప్పించిన ఐసీడీ-10ను ప్రపంచ ఆరోగ్య సభ 1990 మే 17న ఆమోదించింది. 2022 జనవరి 1న అమల్లోకి వచ్చిన ఐసీడీ-11 లింగ అననుగుణతను కూడా మానసిక రుగ్మతల నుంచి తీసి, లైంగిక ఆరోగ్య అధ్యాయంలో చేర్చింది (హెచ్‌ఏ 60).

చట్టం విషయానికొస్తే, మన దేశంలో ట్రాన్స్‌జెండర్లను మూడో లింగంగా గుర్తించిన సుప్రీంకోర్టు నల్సా తీర్పు 2014 ఏప్రిల్ 15న, స్వలింగ సంబంధాలు నేరం కాదన్న నవ్‌తేజ్ జోహార్ తీర్పు 2018 సెప్టెంబర్ 6న వచ్చాయి. కౌన్సెలింగ్‌కు ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీ మానస్ నంబరు 14416.