నటీమణి అంజలీదేవి

గౌతమీ వసిష్ఠల నడుమ ఒదిగియున్న కోనసీమకు నాటకము క్రొత్త కాదు. తిరునాళ్ళు వచ్చినచో పందిళ్ళ క్రింద తెల్లవార్లు పద్యనాటకములు జరుగుచుండెడివి. కాని ఆ నాటకములలో చంద్రమతియు, సావిత్రియు సామాన్యముగా పురుషులే! రావులపాలెము చెంతనున్న రావులపాడున పుట్టి, పిమ్మట హాస్యనటుడుగా పేరుపొందిన రేలంగి వెంకటరామయ్య సయితము తొలిదినములలో చీరకట్టి రంగమెక్కినవాడే. ఆడుపిల్ల గడపదాటి వేషము వేసిన లోకము మెచ్చెడిది కాదు. నాట్యమాడినచో ఇక చెప్పవలసిన పని లేదు.

అట్టి కాలమున, గౌతమికి ఆవలనున్న పెద్దాపురమున 1927వ సంవత్సరము ఆగస్టు 24వ తేదీన అంజనీకుమారి జన్మించెను. చిన్ననాటనే ఆమె కాకినాడలోని యంగ్ మెన్స్ హేపీ క్లబ్బు ప్రదర్శనములలో నాట్యమాడుచు, వేషములు వేయుచు వచ్చెను. రేలంగియు, ఎస్.వి. రంగారావును ఆ క్లబ్బున నటించినవారే. అచ్చట సంగీతము కూర్చిన ఆదినారాయణరావు ఆమె కళకు మెరుగులు దిద్దెను. తరువాత వారిరువురును దంపతులైరి.

దర్శకుడు సి. పుల్లయ్య ఒకనాడు ఆమెను 'స్ట్రీట్ సింగర్స్' అను నాటకమున చూచెను. తాను తీయుచున్న 'గొల్లభామ' చిత్రమున మోహిని పాత్ర నొసగి, అంజనీకుమారి పేరును అంజలీదేవిగా మార్చెను. ఆ చిత్రము 1947లో విడుదలయ్యెను. నర్తకి యగుటచేత కాబోలు, మొదట ఆమెకు లభించినవి మోహించి మోసగించు పాత్రలే. 1949లో వచ్చిన 'కీలుగుఱ్ఱము'లో ఆమె రాక్షసి. పగలు రాణి, రాత్రి ఏనుగులను గుఱ్ఱములను భక్షించు భూతము!

దంపతులు అంజలీ పిక్చర్స్ అను సంస్థను స్థాపించి స్వయముగా చిత్రములు తీయసాగిరి. నటి నిర్మాతయై లాభనష్టములను నెత్తిన వేసికొనుట ఆనాడు అరుదు. 1955లో 'అనార్కలి', 1957లో 'సువర్ణసుందరి' వెలువడినవి. ఒకదానిలో ఆమె మొగలు ఆస్థాన నర్తకి, మరొకదానిలో ఇంద్రసభను విడిచి భూమికి దిగిన అప్సరస. ఆ రెండు చిత్రములకును దర్శకుడు వేదాంతం రాఘవయ్య. ఆయనయు కూచిపూడి నాట్యమున ఆరితేరినవాడే. సంగీతము ఆదినారాయణరావుది. ఆమె నేర్చిన ఆట అంతయు ఈ చిత్రములలో కనులపండువుగా కాననగును.

ఐనను ఆంధ్రుల హృదయములలో ఆమెను నిలిపిన పాత్రలో ఆట లేదు. 'లవకుశ'ను 1934లో ఒకసారి తీసిన పుల్లయ్యయే దానిని రంగులలో మరల తీయ సంకల్పించెను. సీత పాత్ర అంజలీదేవికి దక్కెను. ధనము చాలక చిత్రము నడుమ ఏండ్లతరబడి నిలిచిపోయెను. పుల్లయ్య ఆరోగ్యము చెడగా కుమారుడు సి.ఎస్. రావు మిగిలిన భాగమును పూర్తిచేసెను. ఎట్టకేలకు 1963 మార్చి 29న అది విడుదలయ్యెను. సంపూర్ణముగా రంగులలో వచ్చిన మొదటి తెలుగు చిత్రమదియే.

నిండుచూలాలైన సీతను లక్ష్మణుడు అడవిలో విడిచి పోవు ఘట్టమున నర్తకికి అడుగు కదపవలసిన పని లేదు. కన్నులు మాత్రమే పలుకవలెను. రంగస్థలమున దూరముననున్నవారికి సయితము తెలియునట్లు పెద్దగా అభినయింపవలెను. కెమెరా ఎదుట రెప్పపాటు చాలును. ఆ తేడాను ఆమె గ్రహించెను. శోకమును చేతులతో కాక చూపుతో తెలిపెను. నాట్యమున కన్నులకిచ్చు శిక్షణ ఇచ్చట ఎంతగా అక్కరకు వచ్చినదో ఆ చిత్రమును చూచిన వారికి తెలియును.

పల్లెలనుండి జనులు బండ్లు కట్టుకొని పట్టణములకు పోయి 'లవకుశ'ను చూచిరి. పిమ్మట ఆమె తల్లి పాత్రలెన్నియో ధరించి, 2014 జనవరి 13న చెన్నైలో కన్నుమూసెను. తాను ఎదురుపడినచో పల్లెపడుచులు సీతమ్మతల్లి వచ్చినదని పాదములకు మ్రొక్కెడివారని ఆమె ముసలితనమున కూడ తలచుకొనుచుండెను.