సన్నసెగ మీద రెండు గంటలు

బ్రౌన్‌ష్వైగ్,
నవంబరు నెలాఖరు.

నాన్నా,

ఆదివారం ఫోనులో నీ గొంతు విని మనసు చివుక్కుమంది. నెలంతా మిగుల్చుకున్న డబ్బుతో రెండు రంప్‌స్టేకులు కొని, మధ్యలో సంచీలా కోసి, చీజూ పుట్టగొడుగులూ కూరి పెనం మీద వేశానన్నావు. పైన మాడింది, లోపల చీజు చల్లగానే ఉంది, ఇంకాసేపు ఉంచితే మాంసం చెప్పుతోలులా అయిపోయిందన్నావు. "క్రిస్మస్‌కి నాన్న వస్తున్నాడు కదా పెద్దమ్మా, ఇదే చేసి పెడదామనుకున్నాను" అన్నావు చూడు, ఆ మాట దగ్గర ఆగిపోయాను. ఫోనులో చెబితే సగం మర్చిపోతావని కూర్చుని రాస్తున్నాను. ఇది వంటగదిలో గోడకి అంటించుకో.

నీ చేతిలో తప్పు లేదురా. ఎంచుకున్న ముక్కలో ఉంది. రంప్‌స్టేకు మెత్తటి ముక్క, పెద్ద మంట మీద గబగబా రెండు పక్కలా కాల్చి దించేయాల్సింది. మాంసం లోపలి వేడి 60 డిగ్రీలు దాటేసరికి పీచు బిగుసుకుని రసమంతా వదిలేస్తుంది. నువ్వు కూరినదేమో నట్టనడుమ ఉంది. దానికి వేడి అందేసరికి చుట్టూ ఉన్న మాంసం పని అయిపోయింది. పోనీ పచ్చిపచ్చిగా ఉండగానే దించేద్దామా అంటే, కోసి కూరిన మాంసాన్ని అలా తినకూడదు. పైన ఉండే క్రిములు కత్తితోనూ చేత్తోనూ లోపలికి చేరతాయి. ఇక్కడి ప్రభుత్వ సంస్థ చెప్పే లెక్క ప్రకారం మధ్యలో 70 డిగ్రీల వేడి 2 నిమిషాలైనా ఉండాలి. అంత వేడికి రంప్‌స్టేకులో తినడానికేమీ మిగలదు.

కాబట్టి కూరాలనుకుంటే గట్టి ముక్కే తీసుకో. పల్చగా కోయించు, చుట్టు, దారం కట్టు, సన్నసెగ మీద రెండు గంటలు వదిలెయ్యి. మనముంటున్న ఈ దేశంలో ఈ వంట ప్రతి ఇంట్లోనూ ఉంది. రూలాడెన్ అంటారు. ఆదివారం మధ్యాహ్నం మీ లైప్‌జిగ్‌లో ఏ పాత అపార్టుమెంటు మెట్లెక్కినా ఆవాల వాసన, వేగిన ఉల్లిపాయ వాసన కలిసి వస్తాయే, అదే.

నేను దీన్ని నేర్చుకున్నది వృద్ధాశ్రమం వంటగదిలో. నేనక్కడ పనిలో చేరిన మొదటి ఏడాది, ఒక ఆదివారం అరవై రూలాడెన్ చుట్టే పని నాకు అప్పజెప్పారు. లోపల దండిగా ఉండాలి కదా అని ఉల్లిపాయలూ దోసకాయ ముక్కలూ నిండా దట్టించాను. సగం గిన్నెలోనే విచ్చుకుపోయాయి. విచ్చుకున్నవి ఉడికాయా లేదా అని చూడకుండా టైమైందని అన్నీ దించేశాను. భోజనాల హాల్లో కిటికీ పక్కన కూర్చునే ఒక ముసలాయన ముక్క నోట్లో పెట్టుకుని చాలాసేపు నమిలాడు. తర్వాత అటూ ఇటూ చూసి, మెల్లగా రుమాల్లోకి తీసి, రుమాలు మడిచి జేబులో పెట్టుకున్నాడు. నన్ను చూసి నవ్వి, బాగుందమ్మా అన్నాడు. ఆ రుమాలు మడత ఇప్పటికీ నా కళ్ల ముందుంది. మీ నాన్న కూడా అంతే చేస్తాడు. పోయిన ఏడాది పై పళ్లన్నీ కట్టించుకున్నాడు, ఎక్కడా బయటికి చెప్పడు. నువ్వు పెట్టింది నమలలేకపోతే నీకు తెలియనివ్వడు, నీళ్లతో మింగేస్తాడు. అందుకే ఇంత చెబుతున్నాను.

మరి గట్టి ముక్క మెత్తగా ఎలా అవుతుందంటావు. మీ అమ్మనడుగు, చెబుతుంది. మన పేటలో పెద్దకూర తెచ్చిన రోజు మా అమ్మ పొయ్యిలో పెద్దమంట పెట్టనిచ్చేది కాదు. ఒకసారి కుతకుతమన్నాక కట్టెలు వెనక్కి లాగేసి, పిడకల సెగ మీద కుండ వదిలేసేది. మీ అమ్మా నేనూ ఆకలితో గుమ్మంలో కూర్చుంటే, మధ్యమధ్యలో మూత తీసి, గరిటె వెనక్కి తిప్పి ముక్కని కుండ అంచుకి నొక్కి చూసేది. ముక్క గరిటె కింద దానంతటదే విడిపోతే తప్ప ఉడికిందనేది కాదు. బాగా నడిచే, బరువు మోసే కండలో పీచుని పట్టి ఉంచే జిగురు పదార్థం ఎక్కువుంటుంది, కొలాజెన్ అంటారు. తడిలో, సన్నటి వేడి మీద, గంటల తరబడి ఉంటే అది కరిగి జెలాటిన్ అవుతుంది. ఉడికిన కూర పులుసు వేళ్లకి అంటుకునేది అందుకే. మామూలు గిన్నెలో ఆ కరగడానికి టైమే మందు. మంట పెంచితే పీచు ఇంకా బిగుస్తుంది తప్ప టైము పెద్దగా కలిసిరాదు. అమ్మకి ఈ పేర్లేవీ తెలియవు, పని మాత్రం తెలుసు. నువ్వు చదివే ఇంజినీరింగులో ఇంతకన్నా గొప్ప ప్రయోగమేముందో నాకు తెలియదు.

ఇక మాంసం. సూపర్ మార్కెట్ పెట్టెలో దొరికేది వద్దు, ఒక్కో ముక్క ఒక్కో మందంలో ఉంటుంది. మీ వీధి చివర ఫ్లైషరై, అదే మాంసం కొట్టు, ఉందన్నావు కదా, అక్కడికి వెళ్లి, "ఫీర్ రిండర్‌రూలాడెన్ ఔస్ డేర్ ఓబర్‌షాలే, బిట్టె" అను, నాలుగు రూలాడెన్ ముక్కలు ఇమ్మని. ఓబర్‌షాలే అంటే తొడ లోపలి వైపు కండ. కొవ్వు తక్కువ, పెద్ద పెద్ద పలకలు వస్తాయి. ఒక్కోటి 180 గ్రాములు ఉంటే చాలు, మందం అర సెంటీమీటరుకి కాస్త ఎక్కువ. పీచుకి అడ్డంగా కోయమని తప్పకుండా చెప్పు. చెరుకు గడని నిలువుగా చీల్చి నమిలితే దవడ నొప్పి పుడుతుంది, అదే అడ్డంగా చక్రాల్లా కోస్తే చిన్నపిల్లలు కూడా నములుతారు. మాంసమూ అంతే. ఎప్పుడైనా డొక్క వైపు కండ, ఫ్లాంక్ స్టేకు అంటారే, అది దొరికి దాన్ని పెద్దగా పరిచి చుట్టాలనిపిస్తే, పీచు చుట్ట పొడవునా నడిచేలా చుట్టు. అప్పుడు వడ్డించేటప్పుడు కత్తి పీచుకి అడ్డంగా పడుతుంది.

ముక్కని రెండు ప్లాస్టిక్ కాగితాల మధ్య పెట్టి, చిన్న గిన్నె అడుగుతో మెల్లగా తట్టు. పళ్లున్న సుత్తి వాడకు, మాంసానికి చిల్లులు పడతాయి. మీద ఒక చెంచా ఆవ ముద్ద పల్చగా రాయి. మీ సాక్సనీలోనే తయారయ్యే బౌట్స్‌నర్, మిట్టెల్‌షార్ఫ్, అంటే మధ్యరకం ఘాటు, అని ఉండేది తీసుకో. ఉప్పు చిటికెడే, ఆవ ముద్దలోనూ ఊరబెట్టిన దోసకాయలోనూ ఉంది, మీ నాన్నకి బీపీ. మిరియాల పొడి. సన్నగా తరిగిన ఉల్లిపాయ గుప్పెడు కాదు, మూడు వేళ్లకి వచ్చినంత. ఊరబెట్టిన దోసకాయ ఒకటి నిలువుగా నాలుగు చీలికలు చేసి, అందులో ఒక చీలిక. ష్ప్రేవాల్డ్ దోసకాయలు కొను. 1999 నుంచి ఆ పేరు ఆ ప్రాంతం సరుకుకే వాడాలని యూరప్‌లో రక్షణ ఉంది. వీళ్లు ఇక్కడ స్పెక్ అనే పొగబెట్టిన పంది కొవ్వు కూడా పెడతారు. మీ నాన్న పంది ముట్టడు కాబట్టి పొగబెట్టిన టర్కీ పల్చటి ముక్క ఒకటి పెట్టు, కొవ్వు లోటుకి ఉల్లిపాయని ముందే నెయ్యిలో కాస్త వేయించుకో.

గోంగూర కూరితే ఎలా ఉంటుందని నువ్వడుగుతావని నాకు తెలుసు. బ్రహ్మాండంగా ఉంటుంది. ఈ దోసకాయ చేసే పనీ గోంగూర చేసే పనీ ఒకటే, మాంసం జిడ్డుని పులుపుతో విరగ్గొట్టడం. కానీ మొదటిసారి వీళ్ల పద్ధతిలోనే చెయ్యి నాన్నా. ఒక వంట అసలు రుచి నాలుక్కి తెలిసిన తర్వాత మార్చితే, ఏం మార్చావో నీకు తెలుస్తుంది.

కూరినది పలక ఒక కొసకి దగ్గరగా పెట్టి, చుట్టూ రెండు వేళ్ల ఖాళీ వదులు. రెండు పక్కలా అంచులు లోపలికి మడిచి, అప్పుడు చుట్టు. అమ్మమ్మ కాకరకాయలు కూరి దారం చుట్టేది గుర్తుందా? అచ్చం అలాగే. తెల్లటి నూలు దారమే వాడు, రంగు దారమూ నైలాను దారమూ వద్దు. ఈ చుట్ట బిగువుగా ఉండాలి గానీ పీక పిసికినట్టు ఉండకూడదు, ఉడికేటప్పుడు మాంసం ముడుచుకుంటుంది.

మందపాటి గిన్నెలో నెయ్యి వేడి చెయ్యి. కొనడానికి ఇండియన్ షాపుకి పరిగెత్తకు, ఇక్కడ బుట్టర్‌ష్మాల్ట్స్ అని అమ్మేది మన నెయ్యే. చుట్ట అంచు కిందికి ఉండేలా పెట్టు. అలా అయితే ముందు అంచు అతుక్కుంటుంది. తొందరపడి కదపకు, ఎర్రబడ్డాక అదే గిన్నెని వదులుతుంది. అన్ని పక్కలా ముదురు ఎరుపు రావాలి, పది నిమిషాలైనా పడుతుంది, పులుసుకి రంగూ రుచీ ఇక్కడే పుడతాయి. చుట్టలు తీసి పక్కన పెట్టి, అదే గిన్నెలో ఒక ఉల్లిపాయ, ఒక క్యారెట్, సెలరీ దుంప ముక్క, అన్నీ చిన్నగా తరిగి వేయించు. ఒక చెంచా టమాటా పేస్టు వేసి అది ఇటుకరంగుకి తిరిగేదాకా కలుపు. అర లీటరు ఎముకల రసం పోసి, అడుగంటినదంతా గరిటెతో గీకి కలుపు. చుట్టలు మళ్లీ పెట్టు. రసం సగం ఎత్తుకి వస్తే చాలు, మునగకూడదు. మూత పెట్టి మంట బాగా తగ్గించు. ఎప్పుడో ఒక బుడగ పైకి రావాలి, అంతే. ఓ గంటకి ఒకసారి తిరగెయ్యి.

నీ దగ్గర కుక్కరుంది కదా, అరగంటలో అయిపోతుంది, నిజమే. అయినా మొదటిసారి వద్దు. కుక్కరులో మధ్యలో మూత తీసి చూడలేవు. గంటన్నర దగ్గర ఒకసారి సూది గుచ్చు. లాగేటప్పుడు మాంసం సూదిని పట్టుకుంటే ఇంకా కావాలి. వెన్నలోంచి వచ్చినట్టు వస్తే దించు. ఓబర్‌షాలే ఒక్కోసారి రెండు గంటలు దాటుతుంది, గడియారం మాట వినకు. దారం విప్పాక పులుసుని కూరగాయలతో సహా మిక్సీ వేస్తే అదే చిక్కబడుతుంది, పిండి కలపక్కర్లేదు. పక్కన ఎర్ర క్యాబేజీ సీసా కొనేసుకో, దానికి కష్టపడకు. ఆలుగడ్డ ముద్దలు నీకిష్టమైతే చేసుకో, మీ నాన్నకి మాత్రం అన్నం వండు. ఆ పులుసు వేడన్నంలో కలుపుకుంటే ఆయన ఇంకేం అడగడు.

ఇక్కడ 24 మధ్యాహ్నానికి షాపులు మూసేస్తారు, 25, 26 రెండు రోజులూ సెలవే. పండగ ముందు ఓబర్‌షాలేకి గిరాకీ ఎక్కువ, వారం ముందే ఫ్లైషరైలో చెప్పి పెట్టు. 24 పొద్దున వండేసి పెట్టుకో. ఆ రాత్రి వీళ్లలాగే ఆలుగడ్డ సలాడూ, పంది లేని సాసేజీలూ తిని చర్చికి వెళ్లండి. మర్నాడు వెచ్చబెడితే రూలాడెన్ మొదటి రోజుకన్నా బాగుంటాయి, మన చేపల పులుసులాగే.

27న ఇద్దరూ ఇక్కడికి రండి. రైలు మాగ్డెబుర్గ్ దాటాక హెల్మ్‌స్టెట్ వస్తుంది, అప్పుడు మీ నాన్నని లేపు. 1842లో మన గుంటూరుకి వచ్చి బళ్లు పెట్టిన మిషనరీ హైయర్ దొరగారు 1793లో పుట్టింది ఆ ఊళ్లోనే. మీ నాన్న చదువుకున్నది ఆ మిషను బళ్లోనే కాబట్టి, కిటికీలోంచి ఆ ఊరి పేరు బోర్డు మీద చూస్తే ఆయనకి సంతోషం.

ఈలోగా ఒక ఆదివారం నీ ఒక్కడి కోసం రెండే రెండు చుట్టి చూడు. ఉత్తరంతో పాటు నూలు దారం ఉండ పంపుతున్నాను. మూత పెట్టి మంట తగ్గించాక నాకు ఫోన్ చెయ్యి. నేను ఇంట్లోనే ఉంటాను, నువ్వు సూది గుచ్చేదాకా మాట్లాడుకుందాం.

దీవెనలతో,
పెద్దమ్మ