లెక్కలోకి రాని పరుగు

2020 జనవరిలో కర్ణాటకలోని మూడబిదిరిలో అఖిల భారత అంతర్ విశ్వవిద్యాలయ అథ్లెటిక్స్ పోటీలు జరిగాయి. మహిళల 100 మీటర్ల హర్డిల్స్‌లో జ్యోతి యర్రాజీ అనే విశాఖపట్నం అమ్మాయి 13.03 సెకన్లలో గీత దాటింది. అప్పటి జాతీయ రికార్డు 13.38. అనురాధా బిస్వాల్ 2002లో పెట్టిన ఆ రికార్డు జోలికి అంతవరకూ ఎవరూ వెళ్ళలేకపోయారు. సెకనులో నూరో వంతుకు కూడా కొట్లాడుకునే పోటీలో ఈ కాలేజీ పిల్ల దాన్ని ఏకంగా 35 నూరో వంతులు వెనక్కి నెట్టేసింది.

ఆ పరుగును రికార్డుగా ఒప్పుకోలేదు. జాతీయ రికార్డు రాయాలంటే ఆ పోటీలో క్రీడాకారిణికి డోపింగ్ పరీక్ష జరిగి ఉండాలి, అథ్లెటిక్స్ సమాఖ్య తరఫు సాంకేతిక ప్రతినిధి మైదానంలో ఉండాలి. ఆ రోజు పరీక్ష జరగలేదు, ప్రతినిధి రాలేదు. ఈ రెండింట్లో ఒక్కటీ పరుగెత్తే మనిషి చేతిలో ఉండేది కాదు.

మన ప్రాంతపు పిల్లలకు, ముఖ్యంగా డిగ్రీ చదువుతూ పోటీ పరీక్షలకు తయారయ్యేవాళ్ళకు, జ్యోతి కథలో పతకాలకన్నా ఈ ముక్క ఎక్కువ ఉపయోగపడుతుందని నా నమ్మకం. ఆమె తండ్రి సూర్యనారాయణ సెక్యూరిటీ గార్డు. తల్లి కుమారి ఇళ్ళల్లో పనిచేస్తూ, ఆసుపత్రిలో శుభ్రం చేసే పనికి కూడా వెళ్ళేది. విశాఖలో పోర్టు హైస్కూల్లో చదువుతుండగా వ్యాయామ ఉపాధ్యాయుడు ఆమె ఎత్తు చూసి హర్డిల్స్‌లో పెట్టాడు. హైదరాబాద్‌లో నాగపురి రమేష్ దగ్గర శిక్షణ, 2019 నుంచి భువనేశ్వర్‌లో జేమ్స్ హిల్లియర్ దగ్గర సాధన, చదువు ఆచార్య నాగార్జున విశ్వవిద్యాలయంలో. పేదింటి నుంచి పైకొచ్చిన బిడ్డ అని మనం చప్పట్లు కొట్టి ఊరుకుంటాం. ఆ చప్పట్ల సందడిలో అసలు చూడాల్సింది కంటబడకుండా పోతోంది. తన వల్ల ఏ తప్పూ లేకుండా తన గొప్ప పరుగు చెల్లకుండా పోతే ఆ అమ్మాయి తర్వాత ఏం చేసింది? అది చూడాలి.

అదే ఏడాది మార్చిలో లాక్‌డౌన్ వచ్చింది. మైదానాలకు తాళాలు పడ్డాయి. రెండేళ్ళు గడిచాక, 2022 ఏప్రిల్‌లో కోళికోడ్ ఫెడరేషన్ కప్‌లో 13.09 పరిగెత్తింది. ఇదీ పాత రికార్డుకన్నా మెరుగే. ఈసారి గాలి అడ్డొచ్చింది. వెనకనుంచి తోసే గాలి సెకనుకు 2.0 మీటర్లు దాటితే ఆ టైమింగ్ రికార్డుకు పనికిరాదు. ఆ రోజు గాలి 2.1 ఉంది.

తర్వాతి నెల, మే 10న, సైప్రస్‌లోని లిమసోల్‌లో 13.23 పరిగెత్తింది. ఇరవై ఏళ్ళ రికార్డు ఆ రోజు అధికారికంగా పోయింది. పత్రికలన్నీ రాశాయి. ఈ అంకెలను పక్కపక్కన పెట్టి చూడండి. లెక్కకెక్కిన 13.23, లెక్కకెక్కని 13.03, 13.09 రెండింటికన్నా నెమ్మది. తనకు తెలిసిన తన సత్తాకన్నా తక్కువ పరుగుకు దేశం జేజేలు కొట్టింది. అప్పుడు కూడా ఆమె నిలబడిపోలేదు. అదే నెల 22న ఇంగ్లండ్‌లోని లాఫ్‌బరోలో 13.11, 26న నెదర్లాండ్స్‌లో 13.04. అయినా మూడబిదిరి పరుగుకు ఇంకా నూరో వంతు వెనకే. అక్టోబరులో గాంధీనగర్ జాతీయ క్రీడల్లో 12.79 వచ్చింది. అదీ గాలి పాలే. అదే నెల 17న బెంగళూరులో 12.82. అది చెల్లింది. 13 సెకన్లలోపు 100 మీటర్ల హర్డిల్స్ ముగించిన మొదటి భారతీయురాలిగా పేరు రాసుకున్నారు. కాలేజీ మైదానంలో ఎవరూ లెక్కలో వేసుకోని ఆ 13.03ని అధికారిక టైమింగ్ దాటడానికి రెండేళ్ళ తొమ్మిది నెలలు పట్టిందన్నమాట.

“పడినా లేవాలి, మళ్ళీ ప్రయత్నించాలి” అని వ్యక్తిత్వ వికాసం పుస్తకాలు చెప్తూనే ఉంటాయి. అబద్ధమని అనను. జ్యోతి విషయంలో అది సగమే చెప్తుంది. ఆమె పడలేదు. గెలిచింది, గెలిచిన దాన్ని లెక్కలో వేసుకోలేదు. ఓటమిని తట్టుకోవడం ఒక ఎత్తు, లెక్కలోకి రాని గెలుపును మనసులో పెట్టుకుని కుళ్ళిపోకుండా ఉండడం మరో ఎత్తు. ఓడినవాడికి తన లోపం కళ్ళ ముందు కనిపిస్తుంది, దిద్దుకుంటాడు. అన్యాయం జరిగిందనుకున్నవాడికి దిద్దుకోవలసిందేదీ కనిపించదు. చుట్టూ ఉన్నవాళ్ళు కూడా “నీ తప్పేముందిరా” అంటారు. ఆ మాట నిజమే, అందుకే ప్రమాదం. ఆ నిజంలోనే ఏళ్ళకేళ్ళు కూర్చుండిపోయినవాళ్ళను నేను చూశాను. పేపరు లీకై పరీక్ష రద్దయిన ఏడాది గురించి పదేళ్ళ తర్వాత కూడా అదే కోపంతో మాట్లాడేవాళ్ళున్నారు. వాళ్ళ కోపంలో న్యాయముంది. కానీ ఆ ఏడాది చదివిన చదువును కూడా పరీక్షతో పాటే రద్దు చేసేసుకున్నారు.

భీమడోలు దగ్గర ఏలూరు కాలవ గట్టు మీద తెల్లారకముందే కుర్రాళ్ళు పరుగులు తీస్తుంటారు. ఎక్కువమంది కానిస్టేబుల్ దేహదారుఢ్య పరీక్ష కోసం. 1600 మీటర్ల పరుగుకు గడువు ఎనిమిది నిమిషాలు. కిలోమీటరు రాయి దగ్గర మొదలుపెట్టి, ఎవరో ఒకరు సెల్‌ఫోన్‌లో టైము చూస్తుంటే, ఆయాసంతో వచ్చి ఆగుతారు. ఒక రోజు ఒక అబ్బాయిని అడిగాను, రోజూ వచ్చే టైము ఎక్కడైనా రాసుకుంటున్నావా అని. “రాసి ఏం చేస్తాం మాస్టారూ, గ్రౌండ్‌లో ఆ రోజు వచ్చిందే లెక్క కదా” అన్నాడు. నియామక మండలికి నిజంగా ఆ రోజు వచ్చిందే లెక్క. కానీ ఆ అబ్బాయికి కావలసిన లెక్క వేరే ఉంది. రాత్రి వాన పడి గట్టు బురదైన రోజు ఎంత వచ్చింది, మూడో వంద మీటర్లలో ఊపిరి ఎందుకు పట్టేసింది, మొదట్లోనే ఆవేశపడి పరిగెత్తిన రోజు చివర ఏమైంది. ఈ లెక్క రాసుకునేవాడికి పోలీసు గ్రౌండ్ కొత్త చోటులా అనిపించదు.

కొల్లేటి వైపు చేపల చెరువులు చేసేవాళ్ళు ఈ సంగతి బాగా ఎరుగుదురు. రెండు మూడు రోజులు మబ్బు పట్టి, తెల్లవారుజామున నీళ్ళలో ఆక్సిజన్ పడిపోతే చేప తేలిపోతుంది. నెలల తరబడి మేత వేసి పెంచిన పంట ఒక్క రాత్రిలో పోతుంది. దానికి ఏ కాటాలోనూ తూకం లేదు. తెలివైన రైతు ఆ ఉదయం గట్టు మీద నిలబడి ఎకరానికి ఎంత పిల్ల వదిలాను, మేత ఎప్పుడు తగ్గించాల్సింది, ఏరియేటర్లు ఏ వేళకు వేయాల్సింది అని వెనక్కి లెక్కపెట్టుకుంటాడు. డబ్బు పోయింది, తెలుసుకున్నది అతని దగ్గరే ఉంది. మూడబిదిరి తర్వాత జ్యోతి దగ్గర మిగిలింది ఇలాంటిదే. తన కాళ్ళు 13.03 పరిగెత్తగలవని ఆమెకు తెలుసు. ఎవరు రాసినా రాయకపోయినా ఆ తెలివిడిని ఎవరూ కొట్టివేయలేరు.

మన ఇళ్ళ నుంచి అమెరికా కాలేజీలకు వెళ్ళిన పిల్లలు అక్కడి ఫుట్‌బాల్ గురించి ఫోన్లలో చెప్తుంటారు. అది మన ఫుట్‌బాల్ కాదు. బంతిని చంకన అదిమి పట్టుకుని గుంపును చీల్చుకుని పరిగెత్తేవాడిని రన్నింగ్ బ్యాక్ అంటారు. అతను అరవై గజాలు దూసుకుపోయి గీత దాటతాడు, స్టేడియం లేచి నిలబడుతుంది. ఈలోగా వెనక ఎక్కడో తన జట్టువాడే ఒకడు ఎదుటివాణ్ణి అక్రమంగా పట్టుకున్నాడని రిఫరీ పసుపు గుడ్డ విసురుతాడు. అంతే, ఆ పరుగు రద్దు. బంతిని వెనక్కి తెచ్చి పెడతారు. అర నిమిషంలోపే అతను మళ్ళీ వరుసలో నిలబడి తర్వాతి ఆటకు సిద్ధం కావాలి. జ్యోతికి రెండేళ్ళు ఇచ్చారు, అతనికి అర నిమిషమే. చేయాల్సిన పని ఇద్దరికీ ఒకటే.

మళ్ళీ పరిగెత్తడమంటే నిన్నటి పరుగునే ఇవాళ పరిగెత్తడం అనుకుంటే పొరపాటు. హర్డిల్స్ దగ్గరికి వెళ్ళి చూస్తే ఇది తేలిగ్గా అర్థమవుతుంది. పది అడ్డంకులు, ఒక్కొక్కటి సుమారు 84 సెంటీమీటర్ల ఎత్తు. మొదటిది బయల్దేరిన చోటుకు 13 మీటర్ల దూరంలో ఉంటుంది, ఆ తర్వాత ప్రతి రెండింటి మధ్యా 8.5 మీటర్లు. ఆ మధ్యలో మూడే అడుగులు. పొడుగు కాళ్ళవాళ్ళకు ఎత్తు అందుతుంది కానీ ఆ 8.5 మీటర్లు ఇరుకవుతాయి, అడుగును కుదించుకోవాలి. అడ్డంకి మీదుగా ఎగిరితే గాలిలో సమయం పోతుంది, అందుకని దాన్ని పరుగులోనే దాటెయ్యాలి. ముందు కాలు దాటగానే నేలకు దిగాలి, వెనక కాలు మోకాలు పక్కకు తిరిగి చంక దగ్గరదాకా వచ్చి తిన్నగా ముందుకు పడాలి. ఒక అడ్డంకి దగ్గర బొటనవేలంత తేడా వస్తే మిగతా వాటన్నింటి దగ్గరా దాని ఫలితం కనబడుతుంది. ఇలాంటి ఆటలో 13.03 నుంచి 12.82కి రావడం పట్టుదల ఒక్కదానితో అయ్యేది కాదు. అడుగడుగూ విప్పి మళ్ళీ కట్టుకోవాలి. చుట్టూ తనకన్నా వేగంగా పరిగెత్తేవాళ్ళుండాలని ఐరోపా పోటీలకు వెళ్ళింది. మన పిల్లలు ఒకే కోచింగ్ సెంటర్లో, అవే నోట్సు మూడో ఏడాది చదువుతూ దాన్ని పట్టుదల అంటుంటే నాకు మనసు కష్టంగా ఉంటుంది.

ఇక అన్నింటికీ తలవంచి ఊరుకోమని నేను అంటున్నాననుకోకండి. 2023 అక్టోబరు 1న హాంగ్‌ఝౌ ఆసియా క్రీడల ఫైనల్‌లో, తుపాకీ పేలకముందే పక్క లేన్‌లోని చైనా అమ్మాయి వూ యాన్ని కదిలింది. దాంతో జ్యోతీ కదిలింది. 2010 నుంచి ఒక్క ఫాల్స్ స్టార్ట్‌కే బయటికి పంపాలన్నది నియమం. అధికారులు ఇద్దరినీ తప్పించబోయారు. జ్యోతి ట్రాక్ వదిలి వెళ్ళలేదు, ముందు కదిలింది తాను కాదని అక్కడికక్కడే అభ్యంతరం చెప్పింది, వీడియో చూడమంది. చివరకు అభ్యంతరం కిందే ఇద్దరినీ పరిగెత్తనిచ్చారు. లిన్ యువేకు స్వర్ణం, వూ రెండోది, జ్యోతి 12.91తో మూడోది. సమాఖ్య తరఫున అంజూ బాబీ జార్జ్ వాళ్ళు ఫిర్యాదు నడిపించారు. వూను అనర్హురాలిగా తేల్చారు, జ్యోతి కాంస్యం వెండిగా మారింది.

మూడబిదిరిలో, కోళికోడ్‌లో నియమం ఆమె వైపు లేదు. అక్కడ వాదిస్తే సమయం వృథా, వెళ్ళి పరిగెత్తింది. హాంగ్‌ఝౌలో నియమం ఆమె వైపు ఉంది. అక్కడ ఊరుకుంటే పతకం పోయేది, నిలబడి అడిగింది. ఈ రెంటికీ తేడా తెలియాలంటే నియమం ముందే చదివి ఉండాలి. మనవాళ్ళు దీన్ని అడ్డంగా తిప్పేస్తారు. గెలవని చోట నెలల తరబడి గొడవపడతారు, అడగాల్సిన చోట మొహమాటపడి వచ్చేస్తారు. దేహదారుఢ్య పరీక్షలో ఎత్తు కొలిచినప్పుడు తేడా ఉందనిపిస్తే అప్పీలుకు అవకాశం ఉందా, ఎవరిని అడగాలి, ఏ గడువులోపు అడగాలి అన్నది గ్రౌండ్‌కు వెళ్ళే ముందే నోటిఫికేషన్‌లో చదివి ఉన్నవాళ్ళు ఎంతమంది? సెంటరు దాటి బస్సెక్కాక స్నేహితుడితో చెప్పుకుంటే అది అప్పీలు కాదు. పెద్ద అధికారి ముందు గొంతు పెంచకుండా, భయపడకుండా “అయ్యా, ఒకసారి మళ్ళీ కొలవండి” అనడం కూడా సాధన చేసి నేర్చుకోవలసిందే.

2023 ఆగస్టులో చెంగ్డూలో ప్రపంచ విశ్వవిద్యాలయ క్రీడలు జరిగాయి. జ్యోతి 12.78తో కాంస్యం గెలిచింది. గాంధీనగర్ గాలిలో కొట్టుకుపోయిన 12.79ను కూడా దాటిన అధికారిక టైమింగ్ అది. ఆ ఏడాదే బ్యాంకాక్ ఆసియా ఛాంపియన్‌షిప్‌లో స్వర్ణం, ఆ తర్వాత కొంతకాలానికి అర్జున అవార్డు. 2024 మేలో ఫిన్లాండ్‌లో మళ్ళీ 12.78. పారిస్ ఒలింపిక్స్‌కు నేరుగా అర్హత టైమింగ్ 12.77. నూరో వంతు దూరంలో తలుపు మూసుకుంది. ప్రపంచ ర్యాంకింగ్ దారిలో వెళ్ళి, ఆ పోటీలో ఒలింపిక్స్‌లో నిలబడిన మొదటి భారతీయురాలైంది. అక్కడ హీట్‌లో 13.16, మరో అవకాశంగా ఇచ్చిన రెపిషాజ్‌లో 13.17. ముందుకు వెళ్ళలేదు. 2025 మేలో గుమిలో 12.96తో ఆసియా టైటిల్ నిలబెట్టుకుంది. ఆ తర్వాత కొద్ది వారాలకే మోకాలి గాయం, శస్త్రచికిత్స. సెప్టెంబరులో టోక్యో ప్రపంచ ఛాంపియన్‌షిప్‌కు వెళ్ళలేకపోయింది. ఆమె ఎదుగుదలను ఎవరైనా నిట్టనిలువు మెట్లలా చెప్తుంటే నమ్మకండి.

మన పక్కనే మార్టేరు నుంచి వెళ్ళిన సత్తి గీత 2006 దోహా ఆసియా క్రీడల్లో 4×400 రిలేలో స్వర్ణం గెలిచిన జట్టులో ఉంది. అంటే ఈ నేల మీద పరుగెత్తేవాళ్ళకు కొదవ లేదు. కొదవ ఉన్నది లెక్కకు. ఏలూరు, తాడేపల్లిగూడెం వైపు కాలేజీల పీడీ మాస్టార్లకు నాదొక విన్నపం. ఆటల పోటీలు జరిగిన రోజు మొదటి ముగ్గురి పేర్లు రాసి కప్పులు పంచి రిజిస్టరు మూసేయకండి. ప్రతి పిల్ల, ప్రతి పిల్లాడు పరిగెత్తిన టైమింగ్ రాయండి. ఏడో స్థానంలో వచ్చినవాళ్ళది కూడా. పక్కన గాలి, ఎండ, నేల తడి పొడి ఎలా ఉన్నాయో ఒక ముక్క రాయండి. వచ్చే ఏడాది ఆ పిల్లను పిలిచి ఆ పేజీ తెరిచి చూపించండి.